మామ్మ కళ్ళు తెరిచిన ఫొటో

ఇప్పుడు నవ్వుకుంటూ రాస్తున్నాను గానీ, ఆ నెలంతా నా తల ప్రాణం తోకకొచ్చింది. అంతా అరచేతిలో పట్టే ఒక ఫోను వల్ల. తప్పు ఫోనుదీ కాదు, రూలు పెట్టినవాళ్ళదీ కాదు, మామ్మదైతే అసలే కాదు. తప్పు ఎవరిదీ కానప్పుడు కోపం ఎవరి మీద చూపించాలో తెలియక వంటింట్లో గిన్నెల మీద చూపించాను. మా ఇంట్లోవాళ్ళకు ఆ చప్పుడు అలవాటే.

నేను ఇళ్ళకు వెళ్ళి పెద్దవాళ్ళకు సేవ చేస్తాను. నర్సును కాను. స్నానం చేయించడం, వీపు మీద పుండు పడకుండా పక్కకు ఒరిగించి పడుకోబెట్టడం, గంజి తాగించడం, పడిపోయిన చేతికీ కాలికీ కసరత్తు చేయించడం నా పని. ఇంటివాళ్ళు ఏమీ ఇవ్వక్కర్లేదు. ప్రజల డబ్బుతో, దాతల సాయంతో నడిచే పథకం అది. మాది బర్మా. మింగళ తౌంగ్‌న్యున్‌లో మా ఇంటి నుంచి బస్సెక్కి, కాలవ మీది వంతెన దాటి తాకేటా పేటలో దిగి, అక్కణ్ణుంచి పక్క సీటున్న సైకిల్ రిక్షాలో వెళ్తే మామ్మ ఇల్లు. వానాకాలంలో రిక్షా సందులోకి రాదు. చెప్పులు చేత్తో పట్టుకుని, ఇక్కడ ఆడవాళ్ళూ కట్టే లుంగీ పైకి దోపుకుని, నీళ్ళలో నడవాలి.

మామ్మ నాకు చుట్టం కాదు. వాళ్ళాయన ఓడరేవులో కూలి చేసేవాడు, మా తాత కూడా అక్కడే బస్తాలు మోశాడు, అంతే బంధుత్వం. ఏడాది క్రితం పక్షవాతం వచ్చి ఆవిడకు కుడి పక్క పడిపోయింది. మాట కాస్త ముద్దగా వస్తుంది కానీ తిట్టు మాత్రం స్పష్టంగానే వస్తుంది. నాకు మనవలు పుట్టాక కూడా నన్ను చిన్నపిల్లలా గుంట అని పిలిచే మనిషి ఈ ఊళ్ళో ఆవిడొక్కర్తే. అందుకే ఆవిడంటే నాకు పక్షపాతం. దాచడం దేనికి?

ఇంట్లో మామ్మా, మనవరాలూ, ఇద్దరే. పిల్ల బట్టల ఫ్యాక్టరీలో కుట్టుపని చేస్తుంది. తెల్లారకుండా ఫ్యాక్టరీ బస్సెక్కితే మళ్ళీ సాయంత్రానికే. తెలుగు చక్కగా అర్థమవుతుంది, జవాబు మాత్రం బర్మీస్‌లో చెబుతుంది. మామ్మ తెలుగులో అడగడం, పిల్ల బర్మీస్‌లో చెప్పడం, ఇద్దరూ హాయిగా పోట్లాడుకోవడం, వినడానికి బాగుంటుంది. ఆ పిల్ల లేని వేళల్లో మామ్మను చూసేది నేను. నేను రాకపోతే పిల్ల పని మానుకోవాలి. పని మానుకుంటే పొయ్యి వెలగదు.

మొదట్లో మాకొక పుస్తకం ఉండేది. వెళ్ళినప్పుడు అందులో పెద్దవాళ్ళ చేత వేలిముద్ర వేయించేవాళ్ళం. తర్వాత పుస్తకం పోయి ఫోను వచ్చింది. ఇంటి గుమ్మంలోకి రాగానే ఫోనులో మన పని తాలూకు బొమ్మ నొక్కాలి. మనం నిజంగా ఆ ఇంట్లోనే ఉన్నామని ఫోను దానంతటదే కనిపెట్టి పైకి చెప్పేస్తుంది. అప్పుడు పెద్దవాళ్ళ ముఖానికి ఒక ఫొటో తియ్యాలి. పని ముగించి వెళ్ళేటప్పుడు ఇంకొకటి. ముఖం నిండుగా కనబడాలి, కళ్ళు తెరిచి ఉండాలి.

కళ్ళెందుకు తెరవాలని నేను గొడవ పెట్టుకున్నాను. మా మీద పర్యవేక్షకురాలు ఒక బర్మా అమ్మాయి. నా కూతురి వయసే ఉంటుంది, అయినా సయామా అని పిలుస్తాను. ఇక్కడ నర్సులనూ టీచర్లనూ పై ఉద్యోగంలో ఉన్న ఆడవాళ్ళనూ అలాగే పిలవాలి. ఆ అమ్మాయి ఓపిగ్గా చెప్పింది. ఎక్కడో ఎవరో నిద్రపోతున్న ముసలాయనకు ఫొటో తీసి పని చేసినట్టు చూపించారట. ఇంకెవరో గోడ మీద దండ వేసి ఉన్న పటానికే తీశారట. విని నాకు ఒళ్ళు మండింది. పోయినాయనకు స్నానం చేయించామని రాసుకునేవాళ్ళుంటే రూలు పెట్టక ఏం చేస్తారు? ప్రజల డబ్బు, లెక్క అడగాల్సిందే. అడగొద్దని నేనెప్పుడూ అనలేదు.

మిగతా ఇళ్ళల్లో ఏ ఇబ్బందీ రాలేదు. ఒకాయన ఫొటో అనగానే జుట్టు దువ్వమంటాడు. ఒకావిడ బుగ్గలకు తనకా చెక్క అరగదీసిన గంధం రాసుకుని ముందే తయారుగా కూర్చుంటుంది. కరెంటు లేనప్పుడు ఫోను చచ్చిపోతుంది, సిగ్నల్ లేనప్పుడు సందు చివరిదాకా వెళ్ళి చెయ్యి పైకెత్తి నిలబడాలి, అవన్నీ ఈ ఊళ్ళో అందరికీ ఉన్న తిప్పలే. తర్వాత సిగ్నల్ వచ్చినప్పుడు ఫొటోలు వాటంతటవే వెళ్తాయి.

మామ్మ దగ్గరే వచ్చింది చిక్కు. మొదటి రోజు ఫోను ఎత్తి ముఖం ముందు పెట్టానో లేదో, ఆవిడ గట్టిగా కళ్ళు మూసుకుంది. ఎడంచెయ్యి ఎత్తి నుదుటికి ఆనించుకుంది. కుడిచెయ్యి లేవదు కాబట్టి సగం దణ్ణం అన్నమాట. ముఖంలో సగం ఆ చేతి వెనక దాగిపోయింది. ఫోను ఎర్రగా మెరిసి, ముఖం కనబడలేదని బర్మీస్‌లో రాసి చూపించింది. కళ్ళు తెరవమన్నాను. నేను ఫోను దించాకే తెరిచింది.

ఆ వేళ నేను పెద్దగా పట్టించుకోలేదు. మర్నాడూ అంతే, ఆ తర్వాతా అంతే. ఫోను కిందకు దింపితే కళ్ళు తెరిచి నన్ను చూస్తుంది, కబుర్లాడుతుంది. పైకెత్తితే మూసేసుకుంటుంది. వెలుగు కళ్ళలో పడుతోందేమోనని కిటికీ రెక్క మూశాను. ఫొటో తీస్తే ఆయుష్షు తగ్గుతుందని భయమేమోనని నా ముఖానికి నేనే తీసుకుని చూపించాను. నాకేమీ కాలేదు చూడు అన్నాను. నువ్వు ముందే అలా ఉన్నావు అంది. బతిమాలాను, కోప్పడ్డాను. ఫోను గంజి గిన్నె వెనక దాచి తీయబోయాను, ఆవిడకు చూపు తగ్గినా ఆ ఫోను మాత్రం ఎక్కడున్నా కనబడుతుంది. ఎందుకు మూసుకుంటున్నావని అడిగితే ఆవిడ నా వైపు జాలిగా చూసింది.

“మరేటి సెయ్యాలే గుంటా, అలా ఎత్తినప్పుడు?” అంది.

నాకేమీ బోధపడలేదు. మొండికేసిందనుకున్నాను.

కొన్నాళ్ళకు సయామా దగ్గర్నుంచి కబురు వచ్చింది. మామ్మ ఇంటికి నేను వెళ్ళిన రోజులు ఒక్కటీ రుజువు కాలేదట. నేను ఆ ఇంట్లో ఉన్నట్టు ఫోను చెబుతోంది గానీ మామ్మ ఉన్నట్టు చెప్పడం లేదు. ముఖం లేదు, కళ్ళు లేవు. నెల ముగిసేలోగా రుజువు కాకపోతే పై ఆఫీసు మామ్మ పేరు తీసేసి, కాచుకుని ఉన్నవాళ్ళలో ఇంకొకరికి ఆ చోటు ఇచ్చేస్తుంది. తన చేతిలో ఉన్నదొక్కటే, స్వయంగా వచ్చి చూడడం, అంది. తను వచ్చి చూసి ఒప్పుకుంటే పాతవాటికీ లెక్క కుదురుతుంది. ఒప్పుకోలేకపోతే లేదు. ఆ అమ్మాయి గొంతులో నా మీద అనుమానం ఏమీ లేదు. అది ఇంకా బాధగా అనిపించింది.

ఆ సంగతి మనవరాలికి చెప్పడం నా వంతయింది. సాయంత్రం దాకా ఆగి, పిల్ల వచ్చాక చెప్పాను. ఆ పిల్ల ఏడవలేదు. ఫ్యాక్టరీ సంచీ మేకుకు తగిలించింది. సయామా వచ్చే రోజు సెలవు పెడతానంది. సెలవు పెడితే అక్కడేం మాటలు పడాలో నాకు తెలుసు. బస్సులో ఇంటికి వస్తూ నేనే ఏడ్చాను. పక్కనున్నావిడ నాకు తమలపాకు చిలక ఇచ్చింది. తీసుకుని నమిలాను, ఏం చెయ్యను.

సయామా వచ్చిన రోజు నేను మామ్మకు పొద్దున్నే తల దువ్వి, ఉతికిన రవిక తొడిగి, దిండు ఆనించి కూర్చోబెట్టాను. మామ్మకు కొత్తవాళ్ళొస్తే సంబరం. సయామా చెప్పులు గుమ్మం బయట విడిచి, తల వంచుకుని లోపలికి వచ్చింది. నేల మీద కూర్చుని మామ్మ కాళ్ళు చూసింది, వీపు చూసింది, పుండు లేదని తృప్తిగా తలాడించింది. తర్వాత ఫోను తీసి, పలకరిస్తూనే మామ్మ ముఖం ముందు పైకెత్తింది.

మామ్మ కళ్ళు మూసుకుంది. ఎడంచెయ్యి నుదుటికి వెళ్ళింది.

సయామా ముఖంలో రంగు మారిపోయింది. బర్మావాళ్ళలో చిన్నవాళ్ళు పెద్దవాళ్ళకు మొక్కుతారు గానీ పెద్దవాళ్ళు చిన్నవాళ్ళకు మొక్కకూడదు, పాపమంటారు. అంత వయసున్న మనిషి తనకు దణ్ణం పెడుతోందనుకుని ఆ అమ్మాయి గాభరాపడిపోయింది. ఫోను చాప మీద పడేసి, మోకాళ్ళ మీద కూర్చుని, చేతులు జోడించి నేలకు నుదురు ఆనించింది. మామ్మేమో కళ్ళు మూసుకునే ఉంది. ఇద్దరూ ఒకరికొకరు మొక్కుకుంటూ ఉంటే నేను మధ్యలో గంజి గిన్నెతో నిలబడ్డాను. అప్పుడు నవ్వు రాలేదు. తర్వాత ఎన్నిసార్లు తల్చుకుని నవ్వానో చెప్పలేను.

నవ్వింది మనవరాలు. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది. ఆ తర్వాత సయామాకు బర్మీస్‌లో చెప్పింది. మామ్మ గుడికి వెళ్ళలేకపోతోంది కదా, అందుకని శుక్రవారం సాయంత్రాలు గుడి దగ్గరున్న తెలిసినావిడ వీడియో కాల్ చేస్తుందట. అమ్మవారికి హారతి ఇచ్చే వేళకు తను ఫోను మామ్మ ముఖం ముందు ఎత్తి పట్టుకుంటుందట. మామ్మ కళ్ళు మూసుకుని దణ్ణం పెట్టుకుంటుంది. ఈ ఇంట్లో ఫోను అలా పైకెత్తేది ఆ ఒక్కదానికే. ఫోనెత్తితే అమ్మవారు వచ్చిందనే మామ్మకు తెలుసు.

నేను నుదురు కొట్టుకున్నాను. నేను వెళ్ళేది పగలు, హారతి సాయంత్రం. నాకెలా తెలుస్తుంది? మామ్మ నన్ను జాలిగా ఎందుకు చూసిందో అప్పుడర్థమైంది. రోజుకు రెండుసార్లు అమ్మవారిని తెచ్చి ముఖం ముందు పెట్టి, కళ్ళు తెరిచి గుడ్లప్పగించి చూడమంటున్నాను నేను.

సయామాకు విషయం అర్థమైంది, ముఖం తేటపడింది. కానీ అర్థమైతే చాలదు, ఫొటో కావాలి. తను ఎంత రాసినా పైనున్న యంత్రం కళ్ళే అడుగుతుంది అంది. మళ్ళీ అందరం చతికిలబడ్డాం.

అప్పుడు నేను పిల్లనడిగాను. హారతి అయ్యాక మామ్మ ఏం చేస్తుంది అని. ఏమీ చెయ్యదు, కాల్ అయిపోతుంది, నేను ఫోను తీసేస్తాను, అంది. ఆ తర్వాత ఇంకో మాట చెప్పింది. ఫోను తీసేశాక కూడా మామ్మ వెంటనే పడుకోదట. కాసేపు దేనికోసమో చూస్తున్నట్టు కూర్చుంటుందట. ఎడంచేత్తో కుడిచేతిని ఒళ్ళోకి లాక్కుంటుందట. ఏం కావాలని అడిగితే ఏమీ లేదంటుందట.

పిల్ల పెరిగింది తాకేటాలో, ఫ్యాక్టరీ షిఫ్టుల మధ్య. పండగకో పబ్బానికో తప్ప గుడికి వెళ్ళే తీరిక ఎప్పుడుంది? నేను చిన్నప్పట్నుంచి ఆ గుడి మెట్ల మీదే తిరిగినదాన్ని. హారతి తర్వాత ఏమొస్తుందో నాకు తెలుసు. ఫోనులో అది రాదు. ఇన్ని శుక్రవారాలుగా ఆవిడ దానికోసం చూసి చూసి, ఏమీ లేదని పడుకుంటోంది.

కుండలో మంచినీళ్ళు గ్లాసులోకి ముంచుకుని, చెంచా తీసుకుని మామ్మ ముందు కూర్చున్నాను. సయామాను ఫోను ఎత్తమన్నాను. మామ్మ కళ్ళు మూసుకుంది, నుదుటికి చెయ్యి ఆనించుకుంది. ఆ చెయ్యి దిగేదాకా ఆగాను.

“మామ్మా, ఆరతి అయిపోనాది. తీర్తం తీసుకో,” అన్నాను.

కళ్ళు తెరిచింది. చెంచా వైపు చూసింది. ముందు ఎడంచెయ్యి లేచింది, కానీ దాన్ని చాపలేదు. తీర్థం ఎడంచేత పట్టకూడదు కదా. ఆ ఎడంచేత్తో పడిపోయిన కుడిచేతి మణికట్టు పట్టుకుని, ఒళ్ళోంచి కొద్దికొద్దిగా పైకి లాగి, ముడుచుకుపోయిన వేళ్ళను ఒక్కొక్కటే విప్పి, దోసిలి లాంటిది చేసి నా ముందు పెట్టింది. నేను నెలల తరబడి బతిమాలినా ఒక్కసారి కూడా సరిగ్గా చెయ్యని కసరత్తు అది. సగం నీళ్ళు చాప మీద పడ్డాయి. మిగిలినవి ఆవిడ అరచేతిలో పడ్డాయి. తల వంచి తాగి, తడిచెయ్యి తలకు రాసుకుంది.

సయామా ఫోను పచ్చగా మెరిసింది. ముఖం కనబడింది.

పై ఆఫీసు ఒప్పుకుందని రెండు మూడు రోజుల తర్వాత బస్సులో ఉండగా కబురొచ్చింది. పాత రోజులన్నీ లెక్కలోకి తీసుకున్నారు, మామ్మ పేరు అలాగే ఉంది. నేను దిగాల్సిన చోటు కంటే ముందే దిగిపోయి ఒక టీ దుకాణంలో చిన్న స్టూలు మీద కూలబడ్డాను. చాలా రోజుల తర్వాత గుండెల నిండా గాలి పీల్చుకున్నాను. టీ తాగి, ఇంకో టీ తాగి, ఇంటికెళ్ళి గిన్నెలన్నీ మెల్లగా, చప్పుడు కాకుండా కడిగాను. ఒంట్లో బాగాలేదా అని మా ఇంట్లోవాళ్ళు అడిగారు.

ఇందులో నాకొక బెంగ మిగిలింది. కుండలో నీళ్ళను తీర్థమనడం మోసం కాదా అని. ఫొటో కోసం ముసలామెను మభ్యపెట్టడం కాదా అని. వెళ్ళి గుడిలో పూజారిగారినే అడిగాను. ఆయన పెద్దగా ఆలోచించలేదు. శుక్రవారం వచ్చి ఒక సీసాలో నిజం తీర్థమే పట్టుకెళ్ళమ్మా, చుక్క చుక్క కలుపుకో, అన్నారు. అప్పట్నుంచి నా సంచీలో బీపీ మిషను పక్కనే ఒక చిన్న సీసా ఉంటుంది. మనవరాలు కూడా పొద్దున్న పనికెళ్ళే ముందు, పక్కింటి బర్మావాళ్ళ కుండీలోంచి తులసాకు తెచ్చి గ్లాసు నీళ్ళలో వేసి పెడుతుంది. వాళ్ళకది కూరల్లో వేసుకునే ఆకు. అడిగితే గుప్పెడు ఇస్తారు.

ఇలా వానలు పోయాయి, చలి వచ్చింది, అదీ పోయింది. వెళ్ళగానే ఒకసారి, వచ్చేటప్పుడు ఒకసారి, నేను ఫోను ఎత్తుతాను, మామ్మ కళ్ళు మూసుకుంటుంది, నేను చెంచా అందిస్తాను, మామ్మ కళ్ళు తెరుస్తుంది. ఫోను పచ్చగా మెరుస్తుంది. ఒకసారి సయామా ఆఫీసులో నన్ను పిలిచి మామ్మ ఫొటోలు వరసగా జరిపి చూపించింది. రోజూ చూసేదాన్ని కాబట్టి నేను గమనించలేదు. మొదటి ఫొటోల్లో కుడిచెయ్యి ఫొటో అంచులో, నడుము దగ్గరుంది. తర్వాత పొట్ట దగ్గరికొచ్చింది. ఆ మధ్య తీసినవాటిలో గుండెల దాకా లేచింది. వేళ్ళు విచ్చుకుంటున్నాయి. ఫిజియో చేసే డాక్టరుకు ఇవి చూపిస్తానంది ఆ అమ్మాయి. నేను తిట్టిపోసిన ఫోనులోనే ఇదంతా దాగి ఉందంటే నాకు కాస్త సిగ్గేసింది. కాస్తే లెండి. సిగ్నల్ లేనప్పుడు ఇప్పటికీ తిడుతూనే ఉన్నాను.

మొన్నొకరోజు పని అయిపోయింది. మామ్మను దిండుకు ఆనించి కూర్చోబెట్టి, ఒక చేత్తో ఫోను, ఒక చేత్తో చెంచా పట్టుకున్నాను. కళ్ళు మూసుకుంది. తీర్థం అన్నాను. కళ్ళు తెరిచింది. ఎడంచెయ్యి ఎప్పట్లాగే మణికట్టు పట్టుకోవడానికి బయల్దేరింది, దారిలో ఆగిపోయింది. కుడిచెయ్యి దానంతటదే లేచింది. వణుకుతూ, తడబడుతూ, ఎవరి సాయమూ లేకుండా పైకొచ్చి, నా చెంచా కింద నిలబడింది.

నేను నీళ్ళు పోశాను. ఒక్క చుక్క కూడా కింద పడలేదు. ఆవిడ తాగి, ఆ చేత్తోనే తల తడుముకుంది. నాకు కళ్ళ నీళ్ళు ఆగలేదు. ఫోను ఉన్న చెయ్యి ఎప్పుడు వాలిపోయిందో కూడా తెలియదు. చెంచా పట్టుకుని అలాగే ఉండిపోయాను.

మామ్మ నన్ను చూసింది. ఆ తర్వాత నా ఒళ్ళో పడి ఉన్న ఫోను వైపు గెడ్డంతో చూపించింది.

“ఏటే గుంటా, అలా సూత్తావు? పోటో తియ్యి. నీ ఉజ్జోగం ఊడిపోగల్దు,” అంది.

నేనెత్తే ఫోనులో అమ్మవారు రాదని ఆవిడకు ఎప్పట్నుంచి తెలుసో నేను అడగలేదు. ఫోను ఎత్తాను. ఆవిడ కళ్ళు మూసుకోలేదు.